జవాబు దొరికినా ఆగని సందేహం: తిరుపతి నుంచి ఒక కేస్ స్టడీ

ఈ కేసులోని వ్యక్తికి ముప్పై ఏళ్లు దగ్గరపడుతున్నాయి. జూనియర్ కళాశాలలో ఫిజిక్స్ లెక్చరర్. సొంతూరు చిత్తూరు దగ్గర, కాణిపాకం వైపు. తిరుపతిలో తల్లితో కలిసి ఉంటున్నాడు. తండ్రి కిడ్నీ జబ్బుతో రెండేళ్ల కిందట చనిపోయారు. అతని అనుమతితోనే రాస్తున్నాను, గుర్తుపట్టే వీలున్న వివరాలు మార్చాను.

క్లినికల్ సైకాలజిస్టుగా నా దగ్గరకు వచ్చే కేసుల్లో దేవుడి ప్రసక్తి రానివి తక్కువ. కొండ కింద ఊరు కదా, దుఃఖమైనా కోపమైనా స్వామి పేరుతోనే బయటికి వస్తుంది. అయినా ఈ కేసును విడిగా రాయాలనిపించింది. ఇందులో మూడు రకాల సందేహాలు ఒకే మనిషిలో ఒకదానిమీద ఒకటి పేరుకుపోయి ఉన్నాయి. ఇంట్లోవాళ్లు, స్నేహితులు, చివరికి అతను కూడా అవన్నీ ఒకటే అనుకున్నారు. వాటిలో జబ్బు ఒక్కటే. మిగిలిన రెండింటికీ వైద్యం చేయబోతే మనిషికి అన్యాయం చేసినవాళ్లమవుతాం.

వచ్చినప్పటి పరిస్థితి

దేవుడి పటం ముందు నిలబడగానే బూతుమాట ఒకటి మనసులో మెదులుతోందన్నది మొదటి ఫిర్యాదు. ఆ మాట ఏమిటో చెప్పడానికి చాలాసేపు పట్టింది, చెప్పాక తలుపు వైపు చూశాడు. మాట మెదిలిన ప్రతిసారీ లెంపలు వేసుకుంటాడు. విష్ణు సహస్రనామం చదువుతుండగా మెదిలితే మళ్లీ మొదటి శ్లోకం నుంచి మొదలుపెడతాడు. అరగంటలో అయ్యే పారాయణం తెల్లవారుజామున మొదలై కాలేజీ వేళ దాటినా పూర్తయ్యేది కాదు. కొండకు వెళ్లడం మానేశాడు. గోవిందరాజస్వామి గుడి గోపురం కనబడకుండా బండిని చుట్టుదారిలో నడిపేవాడు. తెలిసిన పురోహితుడికి రోజూ ఫోను చేసి, "ఇలా అనుకుంటే పాపం తగులుతుందా?" అని అడిగేవాడు. తల్లిని అడిగేవాడు. రాత్రిళ్లు ఫోనులో ప్రవచనాలు వింటూ తన ప్రశ్నకు జవాబు వస్తుందేమోనని కాచుకునేవాడు.

అతని మాటల్లో అది ఓసీడీ కాదు, అంటే వద్దన్నా వచ్చే ఆలోచనలూ వాటికి పదే పదే చేసే పరిహారాలూ ఉండే జబ్బు కాదు. "నాకు దేవుడి మీద నమ్మకం పోతోంది మేడం. నమ్మకం పోయినవాడికి ఇలాంటి శిక్షే పడుతుంది" అన్నాడు.

నా దగ్గరకు వచ్చేలోపు అతన్ని రెండు వైపులా లాగారు. మేనమామ భగవద్గీత నాలుగో అధ్యాయంలోని "సంశయాత్మా వినశ్యతి" అన్న మాటను, అంటే సందేహించేవాడు నశిస్తాడన్నదాన్ని, కాగితం మీద రాసి అతని బల్లకు అంటించాడు. తల్లి గ్రహదోషమేమోనని శ్రీకాళహస్తిలో రాహుకేతు పూజ చేయించింది. హేతువాది అయిన ఒక సహోద్యోగి మాత్రం, ఇంట్లో పటాలు తీసేస్తే జబ్బు కూడా పోతుందన్నాడు. అతను అదీ చేసి చూశాడు. పటాలు తీసుకెళ్లి ఒక గుడి ఆవరణలో రావిచెట్టు మొదట్లో పెట్టి వచ్చాడు. కొద్ది రోజులు ప్రశాంతంగా గడిచాయి. తర్వాత అవే బూతులు చనిపోయిన తండ్రి ఫొటో చూస్తే రావడం మొదలైంది. నా నిర్ధారణకు ఎంతో ఉపయోగపడిన సమాచారం ఇదే. ఈ జబ్బుకు మతంతో పని లేదు. మనిషి దేన్ని ఎక్కువగా ప్రేమిస్తే దాని మీదే వాలుతుంది. దేవుణ్ణి ఇంట్లోంచి పంపిస్తే నాన్న దగ్గరకు చేరింది.

ఓసీడీ తీవ్రతను కొలిచే యేల్-బ్రౌన్ కొలమానంలో నలభైకి 24 నుంచి 31 మధ్య వస్తే తీవ్రమైనదిగా లెక్క. అతని స్కోరు ఆ పరిధిలో ఉంది.

తండ్రి, మెట్లు, మొక్కు

అతనికి దేవుడి మీద ప్రశ్నలు కొత్త కాదు. ఇంటర్ చదివే రోజుల నుంచీ ఉన్నాయి. ఏటా తండ్రితో కలిసి అలిపిరి నుంచి 3,550 మెట్లూ ఎక్కేవాడు, దారి పొడవునా వాదించేవాడు. సృష్టికి కర్త ఉంటే కర్తకు కర్త ఎవరు? అందరికీ తండ్రి అయితే ఒకరికి పల్లకీ, ఒకరికి బోయీపని ఎందుకు? తండ్రి రైతు, పెద్దగా చదువుకోలేదు. "వాదించు, కానీ ఎక్కడం ఆపకు" అనేవారట. ఆ వాదనల వల్ల అతనికి నిద్ర పట్టకపోవడం గానీ, లెంపలు వేసుకోవడం గానీ ఎన్నడూ లేదు. గాలిగోపురం దగ్గర ఇద్దరూ టీ తాగేవారు.

తండ్రి డయాలసిస్‌లో ఉన్నప్పుడు తల్లి మొక్కుకుంది: ఆయన కోలుకుంటే కొడుకు తలనీలాలు ఇస్తాడని. ఆసుపత్రిలో చివరి రాత్రి కొడుకు మంచం పక్కన కూర్చుని సహస్రనామం చదువుతున్నాడు. ఒక నామం దగ్గర మనసులో బూతుమాట మెదిలింది. తెల్లవారకముందే తండ్రి చనిపోయారు.

"నేనే చంపాను" అన్న వాక్యం మూడో సమావేశంలో గానీ బయటికి రాలేదు.

ఇక్కడ కొంచెం ఆగి, అతను పెరిగిన నేల గురించి చెప్పాలి. కాణిపాకం చుట్టుపక్కల ఊళ్లలో ఏ తగాదా అయినా "కాణిపాకం వచ్చి ప్రమాణం చేస్తావా?" అన్న మాట దగ్గర తేలిపోతుంది. వరసిద్ధి వినాయకుడి ఎదుట అబద్ధమాడినవాడు బాగుపడడని గట్టి నమ్మకం. దొంగతనం ఒప్పుకోనివాడు కూడా అక్కడి కోనేటిలో మునగడానికి వెనకాడతాడు. నేను ఆ నమ్మకాన్ని తక్కువ చేయను, కోర్టు గుమ్మం తొక్కలేని పేదవాడికి అది న్యాయస్థానం. అయితే అక్కడ లెక్కలోకి వచ్చేది నోటితో, అందరి ముందూ, కావాలని పలికిన మాట. ఇతను ఆ నియమాన్ని తెలియకుండానే మనసులోకి తెచ్చుకున్నాడు. తనంతట తాను మెదిలిన మాటను కూడా ప్రమాణం చేసి పలికిన మాటతో సమానంగా చూశాడు. ఆలోచించడమూ చేయడమూ ఒకటే అనుకునే ఈ ధోరణిని మనస్తత్వ పరిశోధకులు షాఫ్రాన్, థోర్డార్సన్, రాక్‌మన్ 1996లో కొలిచే పద్ధతితో సహా వివరించారు. మతవిశ్వాసంలోనే కాదు, ఎక్కడైనా ఓసీడీకి ఇది బలమైన ఇంధనం.

అలాంటి ఆలోచనలు రావడమే జబ్బు అనుకుంటే పొరపాటు. రాక్‌మన్, డి సిల్వా 1978లోనే చూపించారు: మామూలు మనుషుల్లో అత్యధికులకు అసభ్యమైన, హింసాత్మకమైన, అనుకోని ఆలోచనలు వస్తాయి, వాటి సారం రోగుల ఆలోచనల లాగే ఉంటుంది. మామూలు మనిషి వాటిని పట్టించుకోడు. రోగి అర్థం వెతుకుతాడు, అక్కడి నుంచి పరిహారానికి వెళతాడు.

దీన్ని వివరించడానికి నేను తాతయ్యగుంట గంగమ్మ జాతర గురించి అడిగాను. మే నెలలో తిరుపతిలో జరిగే ఆ జాతరలో వేషాలు వేసినవాళ్లు బూతులు తిట్టడం ఆచారంలో భాగమే. అమ్మవారు కోప్పడదు, మొక్కు తీరిందంటారు. అతను వెంటనే అన్నాడు: "అది వేషం మేడం. దానికి రోజు ఉంది, పద్ధతి ఉంది. నాది అలా కాదు." నిజమే. అతని బుద్ధి చురుకుదనం ఎక్కడా తగ్గలేదు, అందుకే చికిత్స కష్టమూ అయింది, సాధ్యమూ అయింది. "బూతుమాట దేవుడి దగ్గరకు వెళితే ప్రళయం వస్తుందన్న నియమం మీ ఊరిదే అయితే జాతర ఎలా జరుగుతోంది?" అని అడిగాను. జవాబు చెప్పలేదు, తర్వాతి వారం ఆ ప్రశ్న గురించే మాట్లాడుతూ వచ్చాడు.

మూడు దారాలను విడదీయడం

ఒక సందేహం ఏ రకానిదో దాని విషయం చూసి చెప్పలేం. "దేవుడున్నాడా?" అని తత్త్వవేత్తా అడుగుతాడు, బిడ్డను పోగొట్టుకున్న తల్లీ అడుగుతుంది, ఓసీడీ రోగీ అడుగుతాడు. నేను చూసేది జవాబు వచ్చాక ఏం జరుగుతుందన్నది.

మన తర్కశాస్త్రమైన న్యాయదర్శనంలో గౌతముడు చెప్పిన పదహారు పదార్థాల్లో, అంటే విచారించవలసిన అంశాల్లో, ప్రమాణ, ప్రమేయాల తర్వాత మూడోది సంశయం. సంశయం లేకపోతే విచారణే మొదలు కాదని ఆ సంప్రదాయం. అదే సంప్రదాయంలో ఈశ్వరుడి ఉనికిని తర్కంతో నిరూపించడానికి పూనుకున్న ఉదయనుడు సందేహానికి ఒక హద్దు చెప్పాడు: నీ సందేహం నీ నడతతోనే విరుద్ధమైన చోట అది ఆగాలి. నిప్పు వల్ల పొగ వస్తుందా అని వాదంలో ఎంత శంకించినా, పొగ కావలసినవాడు నిప్పే రాజేస్తాడు. తర్వాత అద్వైత తత్త్వవేత్త శ్రీహర్షుడు ఆ మాటనే తిప్పి ఉదయనుడి మీద ప్రయోగించాడు. తత్త్వశాస్త్రంలో ఆ వాదం తెగలేదు, తెగనక్కరలేదు కూడా. నాకు మాత్రం ఆ హద్దు రోగినీ జిజ్ఞాసువునూ వేరు చేసి చూపిస్తుంది. తండ్రితో మెట్ల మీద వాదించిన కుర్రవాడి సందేహం ఎక్కడం ఆపలేదు, టీ తాగడం ఆపలేదు. జబ్బు సందేహం ఏ పనినీ సాగనివ్వదు. దానికి జవాబిస్తే పావుగంట ఊరట, మళ్లీ అదే ప్రశ్న.

ఫ్రాయిడ్ 1907లో మతకర్మలకూ ఓసీడీ చేష్టలకూ పోలికలు చూపించాడు. రెండింటిలోనూ క్రమం తప్పకూడదు, తప్పితే ఆందోళన. పోలిక నిజమే, కానీ ఆయన గమనించని తేడా ఒకటి మన పూజగదిలో రోజూ కనిపిస్తుంది. పూజకు ముగింపు ఉంటుంది. హారతి ఇచ్చి, ప్రసాదం పెట్టి, లేచి వంటపనికి వెళతారు. జబ్బు పూజ ముగియదు. ఫ్రాయిడ్ మాటనే పట్టుకుని ఈ ఊళ్లో వైద్యం మొదలుపెడితే క్యూలో నిలబడ్డ ప్రతి యాత్రికుడూ రోగి అవుతాడు.

అలా చూస్తే అతనిలో ఒకటి ఓసీడీ. రెండోది దుఃఖం, అందులోంచి పుట్టిన కోపం: మొక్కుకున్నా ఎందుకు కాపాడలేదు? మూడోది చిన్ననాటి నుంచీ ఉన్న మేధాపరమైన ప్రశ్న. 1994లో వచ్చిన అమెరికన్ మనోవ్యాధుల వర్గీకరణ నాలుగో కూర్పులో "మతపరమైన లేదా ఆధ్యాత్మిక సమస్య" అన్న అంశాన్ని, వ్యాధి కాకపోయినా వైద్యుడు పట్టించుకోవలసిన విషయంగా చేర్చారు. రెండో దారానికి ఆ చోటు సరిపోతుంది. మూడోదానికి ఏ వర్గీకరణలోనూ చోటు ఇవ్వకూడదని నా అభిప్రాయం.

చికిత్స

సైకియాట్రిస్టు సెర్ట్రలిన్ అనే మందు మొదలుపెట్టారు. డిప్రెషన్‌తో పోలిస్తే ఓసీడీకి సాధారణంగా ఎక్కువ మోతాదు కావాలి, ఫలితానికి 8 నుంచి 12 వారాలు పట్టవచ్చు. ఈ సంగతి ముందే చెప్పకపోతే చాలామంది మూడో వారంలో మానేస్తారు.

నా వైపు నుంచి చేసింది, భయపెట్టే దాని ఎదుట నిలబడి, అలవాటైన పరిహారం చేయకుండా ఉండే చికిత్స. 1966లో విక్టర్ మేయర్ నివేదించిన పద్ధతి నుంచి ఇది ఎదిగింది. మతానికి సంబంధించిన ఓసీడీలో దీన్ని జాగ్రత్తగా వాడాలి. రోగి చేత దైవదూషణ చేయించడం నాకు సమ్మతం కాదు, అవసరమూ లేదు. అతని కుటుంబం గౌరవించే ఒక అర్చకుణ్ణి, అతని అనుమతితో, ఒక సమావేశానికి పిలిచాను. ఆయన మాటలు చాలా పనిచేశాయి. "పూజ చివర రోజూ ఏమంటాం నాయనా? మంత్రహీనం, క్రియాహీనం, భక్తిహీనం అంటాం. మంత్రం తప్పింది, క్రియ తప్పింది, భక్తి కూడా లేదు, అయినా పూర్ణంగా తీసుకో అంటాం. తప్పు లేని పూజ ఉంటే ఈ శ్లోకమెందుకు?" మేనమామ అంటించిన కాగితం సంగతి చెబితే ఆయన గీత చివరి అధ్యాయంలోని మాట గుర్తుచేశారు: అంతా చెప్పాక కృష్ణుడు అర్జునుడితో, దీన్ని పూర్తిగా విమర్శించి చూసి నీ ఇష్టప్రకారం చెయ్యి అంటాడు.

జబ్బు వదలలేదు. వారం తిరక్కుండా క్షమాపణ శ్లోకాన్నే పదే పదే చదవడం మొదలైంది. ఈ జబ్బులో ఇది ఎదురుచూడవలసిందే, ఏ ఓదార్పు ఇచ్చినా దాన్ని పరిహారంగా మార్చుకుంటుంది. అందుకని నియమం పెట్టుకున్నాం: శ్లోకం ఒక్కసారే, బూతు మెదిలినా మెదలకపోయినా ఒక్కసారే.

తర్వాత మెట్టుమెట్టుగా సాగింది. పారాయణంలో మాట మెదిలినా ముందుకే చదవడం. లెంపలు వేసుకోకుండా చేతులు ఒడిలో పెట్టుకోవడం. గోపురం కనిపించే దారిలోనే కాలేజీకి వెళ్లడం. కపిలతీర్థంలో కూర్చుని, మాట మెదిలితే మెదలనిచ్చి, ఆందోళన తనంతట తగ్గేదాకా ఉండటం. ఆ రోజు అతను చెమటతో తడిసిపోయాడు. దిగి రావడానికి తొందరపడలేదు.

తల్లికి ఇచ్చిన పని ఇంకా కష్టం. రోజుకు ఎన్నోసార్లు "స్వామి క్షమిస్తాడు నాన్నా" అని చెప్పే అలవాటు ఆమెది. ప్రేమతో చెప్పే ఆ మాటే జబ్బుకు మేత అవుతోందని ఆమెకు అర్థం కావడానికి సమయం పట్టింది. "ఈ ప్రశ్నకు జవాబు చెప్పనని మేడంకు మాట ఇచ్చాను" అని చెప్పమన్నాను. "బిడ్డ అడుగుతుంటే నోరు మూసుకోవాలా అమ్మా?" అని ఏడ్చింది. అయినా మాట నిలబెట్టుకుంది.

ఒక రోజు అతను నన్నే అడిగాడు: "మీరు దేవుణ్ణి నమ్ముతారా మేడం?" ఆ ప్రశ్నలో ఉన్నది ఊరట కోసం వెతుకులాట అని ముఖం చూస్తేనే తెలిసింది. అప్పుడు జవాబు చెప్పలేదు, ఎందుకు చెప్పడం లేదో చెప్పాను. జబ్బు సద్దుమణిగాక ఒకసారి మామూలుగా అడిగాడు, అప్పుడు చెప్పాను: కొండకు వెళతాను, మీ నాన్నగారి లాంటి మంచివాళ్ల బాధకు కారణం మాత్రం నాకు ఎవరూ ఒప్పుకోదగ్గట్టు చెప్పలేదు. అతను తలూపి కర్మసిద్ధాంతం మీద వాదన మొదలుపెట్టాడు. రెండు ప్రశ్నలూ అక్షరాలా ఒకటే. నేను చికిత్స చేసింది మొదటిదానికి.

దుఃఖం దగ్గర

ఓసీడీ తగ్గుతున్న కొద్దీ దాని కింద దాగిన దుఃఖం పైకి వచ్చింది. ఇది అనుకున్నదే. "నేను చంపాను" అన్న నమ్మకం భయంకరమైనదే, అయినా అందులో ఒక రక్షణ ఉంది: నేను కారణమైతే నాన్న చావుకు ఒక కారణమంటూ ఉన్నట్టే. ఆ అపరాధం తీసేస్తే, ఏ కారణమూ లేకుండా నాన్న పోయారన్న నిజం మిగులుతుంది. చాలామందికి దోషిగా ఉండటం కన్నా నిస్సహాయంగా ఉండటమే ఎక్కువ బాధ. మొక్కు పుట్టేదీ అక్కడే. మానవశాస్త్రవేత్త మలినోవ్‌స్కీ పసిఫిక్‌లోని ట్రోబ్రియాండ్ దీవుల్లో గమనించాడు: మడుగులో చేపలు పట్టేవాళ్లకు మంత్రతంత్రాలు అక్కరలేదు, ప్రమాదకరమైన నడిసముద్రానికి వెళ్లేటప్పుడే అవి కావాలి. డయాలసిస్ గది బయట కూర్చున్న తల్లికి నడిసముద్రమే అది.

శంకరాచార్యులు వ్యాఖ్యానించిన బ్రహ్మసూత్రాల్లో ఈశ్వరుడికి పక్షపాతం, క్రూరత్వం అంటవని, జీవుల కర్మను అపేక్షించే ఫలమిస్తాడని ఒక సూత్రం ఉంది. మేనమామ దాన్నే చెప్పాడు. తర్కంగా అది గట్టి సమాధానమే. మొన్నటిదాకా పక్కన నడిచిన తండ్రి గురించి "పూర్వజన్మలో ఏదో చేసి ఉంటాడు" అని వింటే మాత్రం కొడుక్కి అది నిందలా తగిలింది. తత్త్వం సరైనదైనా వేళ సరైనది కాకపోతే గాయం చేస్తుంది.

తల్లీకొడుకులను కలిపి కూర్చోబెట్టిన రోజు అతను గొంతు పెంచి, "మా నాన్న ఏం తప్పు చేశాడని?" అన్నాడు. తల్లి కోప్పడుతుందనుకున్నాను. ఆమె చాలాసేపు మౌనంగా ఉండి, "నేనూ అడుగుతున్నాను నాన్నా. దీపం పెట్టినప్పుడల్లా అడుగుతున్నాను" అంది. తర్వాత, "రామదాసు చెరలో ఉండి రాముణ్ణి నిలదీయలేదా? నిలదీయడానికి కూడా ఆయనే దిక్కు" అంది.

ఆమెది చెక్కుచెదరని నమ్మకం అని ఇంట్లో అందరూ అనుకున్నారు. రోజూ ప్రశ్నిస్తూనే దీపం పెడుతోందని ఎవరికీ తెలియదు. కెనెత్ పార్గమెంట్, సహచరులు 2001లో ప్రచురించిన అధ్యయనంలో, జబ్బుతో ఉన్న వృద్ధుల్లో దేవుడు తమను వదిలేశాడన్న భావంతో నలిగిపోయేవాళ్లకు తర్వాతి రెండేళ్లలో మరణ ప్రమాదం ఎక్కువగా కనిపించింది. నా అనుభవంలో ఆ బాధను పెంచేది కోపం కాదు, కోపాన్ని ఎవరికీ చెప్పకూడదన్న నియమం. ఆ ఇంట్లో ఆ నియమం ఆ రోజు సడలింది.

మొక్కు సంగతి మిగిలింది. తీర్చకపోతే వడ్డికాసులవాడు వడ్డీతో సహా వసూలు చేస్తాడన్న మాట ఇక్కడ ప్రతి ఇంట్లో వింటాం. కోలుకుంటేనే అన్న షరతు ఉంది కదా, షరతు నెరవేరలేదు కదా అని అతని వాదన. అనుకున్నాక ఇవ్వాల్సిందేనని తల్లి. నేను తీర్పు చెప్పలేదు. చివరికి తల్లి తన తలనీలాలే ఇచ్చింది. అతను తోడు వెళ్లాడు, మెట్లదారిలో. కల్యాణకట్ట బయట కూర్చున్నాడు. తల మీద జుట్టుతోనే తిరిగి వచ్చాడు. దర్శనంలో బూతుమాట మెదిలిందని, మెదిలిన మాటతోనే దండం పెట్టుకున్నానని చెప్పాడు.

ప్రస్తుత స్థితి

స్కోరు స్వల్ప పరిధిలోకి, అంటే 8 నుంచి 15 మధ్యకు దిగింది. పారాయణం రోజూ లేదు, శనివారం ఒకసారి, మామూలు వేగంతో. సైకియాట్రిస్టు సలహా మేరకు మందు కొనసాగుతోంది. మోతాదు తగ్గించే నిర్ణయం ఆయనదే. పరీక్షల పేపర్లు దిద్దే నెలల్లోనూ తండ్రి ఆబ్దికం దగ్గరపడినప్పుడూ జబ్బు తల ఎత్తే అవకాశం ఉంది. పురోహితుడికి మళ్లీ ఫోను చేయడం, చుట్టుదారి పట్టడం మొదలైతే వెంటనే రావాలని తల్లికీ అతనికీ చెప్పి ఉంచాను. దేవుడున్నాడా అన్న ప్రశ్న మీద అతని అభిప్రాయం ఇప్పుడు ఏమిటో కేసు షీటులో రాయలేదు. ఇటీవల చార్వాకుల మీద, ఉదయనుడి మీద పుస్తకాలు తెచ్చుకుని చదువుతున్నాడు. రాత్రి పదకొండుకు మూసేసి పడుకుంటున్నాడు.